పోలండ్ పటంలో లేని రోజుల్లో పోలిష్ వాళ్లు షికాగోకు ఎలా వచ్చారు?

మీ ప్రశ్నలో మూడు ప్రశ్నలు కలిసి ఉన్నాయి. మీ పక్కింటి పెద్దావిడ తాము పోలిష్ వాళ్లమని చెబుతారు, కానీ ఆవిడ తాతగారి పౌరసత్వం కాగితాల్లో ఆస్ట్రియా అని ఉంది, అదెలా? షికాగోకే అంతమంది ఎందుకు వచ్చారు? ఊళ్లో వాళ్లు కట్టిన చర్చిలు కోటల్లా ఉన్నాయి గానీ చుట్టుపక్కల పోలిష్ మాట వినిపించదేం?

నేను షికాగో శివార్లలో ఒక లైబ్రరీలో వంశచరిత్రల డెస్కు దగ్గర చాలా ఏళ్లుగా పనిచేస్తున్నాను. ఓడల జాబితాలు, చర్చి రిజిస్టర్లు, పాత జనాభా లెక్కలు వెతికిపెట్టడమే నా పని. మా దగ్గరికి వచ్చేవాళ్లలో పోలిష్ ఇళ్లవాళ్లు చాలా ఎక్కువ. ఆ అనుభవంతో చెబుతున్నాను, కాస్త పొడుగవుతుంది.

సూటిగా జవాబు: ఆ తాతగారు బయలుదేరిన రోజున పోలండ్ అనే దేశం పటంలో లేదు. 1772, 1793, 1795లో మూడు విడతలుగా ప్రష్యా, రష్యా, ఆస్ట్రియా ఆ దేశాన్ని పంచేసుకున్నాయి. మళ్లీ 1918లో గానీ అది దేశం కాలేదు. కాబట్టి కాగితంలో తప్పేమీ లేదు. షికాగో సంగతి అంటారా, అక్కడ చదువు, భాష అడగని పని దొరికేది, దాన్ని చూపించే బంధువు అప్పటికే అక్కడ ఉండేవాడు. ఇక చర్చిలు మిగిలి మనుషులు కదిలిపోవడానికి కారణం ‘కొత్త తరం భాష మరిచిపోయింది’ అనేదొక్కటే కాదు. ఫ్యాక్టరీలు మూతపడ్డాయి, ఎక్స్‌ప్రెస్‌వేలు వచ్చాయి, శివార్లలో ఇళ్లకు లోన్లు దొరికాయి, జాతి గొడవలూ ఉన్నాయి.

వీటికి నా మాట ఒకటి కలుపుతాను. ఆ పల్లె రైతుల్లో చాలామంది పడవెక్కినప్పుడు తమను తాము ‘పోలిష్ జాతి’ అనుకోలేదు. ఫలానా ఊరివాళ్లం, కాథలిక్కులం అనుకున్నారు, అంతే. పోలిష్ వాళ్లు కావడం అనేది చాలావరకు అమెరికాలో, ఆ చర్చిల చుట్టూనే జరిగింది.

ముందుగా, కాగితాల సంగతి

పౌరసత్వం అర్జీలో ఒక వాక్యం ఉంటుంది: ఇప్పటిదాకా నేను విధేయుడిగా ఉన్న రాజును ఇకమీదట వదులుకుంటున్నాను అని. ఆ రాజు పేరు తప్పనిసరిగా రాయాలి. పాత పోలండ్ దక్షిణాన, ఆస్ట్రియా వాటాకు వెళ్లిన గలీషియా నుంచి వచ్చినవాళ్ల అర్జీల్లో అక్కడ ‘ఆస్ట్రియా చక్రవర్తి ఫ్రాన్సిస్ జోసెఫ్’ అని ఉంటుంది. వార్సా వైపువాళ్లకైతే రష్యా జారు రెండో నికొలస్. పోజ్నాన్ వైపువాళ్లకు జర్మనీ కైజర్. ఈ మూడు వైపులవాళ్లూ ఒకే భాష మాట్లాడతారు, ఒకే బెంచీ మీద కూర్చుని ప్రార్థన చేస్తారు, కాగితాల్లో మాత్రం మూడు దేశాలవాళ్లు. అందుకే ఎంతమంది వచ్చారన్న లెక్క కూడా చిక్కే. 1899 నుంచి వలస అధికారులు ఓడ జాబితాల్లో దేశంతో పాటు ‘జాతి’ అని వేరే గడి పెట్టారు. అప్పటినుంచే లెక్క కొంచెం దారిలో పడింది. మొదటి ప్రపంచయుద్ధం నాటికి మొత్తం మీద ఇరవై లక్షల దాకా వచ్చి ఉంటారని సాధారణంగా చెప్పే అంచనా. అదే ఊళ్ల నుంచి యూదులు కూడా లక్షల్లో వచ్చారు. వాళ్లని ఆ గడిలో వేరుగా రాశారు, వాళ్ల పేటలు, సంఘాలు కూడా వేరు. ఈ జవాబు కాథలిక్కుల గురించే అనుకోండి.

పనిలో పనిగా ఒక అపోహ. ‘ఎల్లిస్ ఐలాండ్‌లో (న్యూయార్క్ రేవులో వలసవాళ్లను తనిఖీ చేసిన చోటు) ఆఫీసరు మా తాత పేరు మార్చేశాడు’ అని మా డెస్కు దగ్గర వినని వారం ఉండదు. అక్కడి అధికారులు కొత్తగా పేర్లు రాసేవాళ్లు కాదు. బ్రెమెన్‌లోనో హాంబుర్గ్‌లోనో ఓడ కంపెనీ గుమస్తా తయారుచేసిన జాబితా చేతిలో పెట్టుకుని పిలిచి, సరిచూసేవాళ్లు. ఒక రిటైర్డ్ పెద్దమనిషి ఇదే కథ గట్టిగా చెబుతూ వచ్చారు. ఓడ జాబితా తీస్తే పదకొండు అక్షరాల పోలిష్ ఇంటిపేరు తప్పు లేకుండా ఉంది. పౌరసత్వం అర్జీ దాకా అదే పేరు. ఆ తర్వాతే, వాళ్ల నాన్న తరంలో, పేరు సగానికి తగ్గింది. ఫోర్‌మన్‌కు నోరు తిరగకపోవడం, బడిలో పిల్లల్ని ఏడిపించడం, ఉద్యోగం రాకపోవడం, కారణాలు ఇలాంటివి. పేరు మార్చుకున్నది ఎక్కువగా వాళ్లే.

ఎప్పుడు, ఎందుకు

పోలిష్ సంఘాల సభల్లో కథ 1608 నుంచి మొదలుపెడతారు. వర్జీనియాలోని జేమ్స్‌టౌన్‌కు కొద్దిమంది పోలిష్ పనివాళ్లు వచ్చారు, గాజు, తారు తయారుచేయడానికి. 1619లో ఓటు హక్కు ఇవ్వకపోతే పనిచేయమని మొండికేసి సాధించుకున్నారు. అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో కోష్చుష్కో, పులాస్కీ అనే పోలిష్ సేనానులు ఉన్నారు. పులాస్కీ 1779లో సవానా దగ్గర గాయపడి చనిపోయాడు. ఇవన్నీ నిజాలే, గర్వపడాల్సినవే. కానీ పిడికెడు మంది వీరులతో పేటలు ఏర్పడవు. షికాగోలో మీరు పులాస్కీ రోడ్డు మీద వెళ్తూనే ఉంటారు కదా, అంతకుముందు దాని పేరు క్రాఫర్డ్ అవెన్యూ. 1933లో పేరు మార్చితే ఆ రోడ్డు మీది వ్యాపారులు ఒప్పుకోక 1952 దాకా కోర్టుల్లో కొట్లాడారు. పులాస్కీకి దక్కిన గౌరవం వెనక ఆయన వీరత్వం కంటే షికాగో పోలిష్ ఓట్ల బలం ఎక్కువ పనిచేసిందని నాకనిపిస్తుంది.

కుదురుగా నిలిచిన మొదటి పోలిష్ ఊరు షికాగోలో కాదు, టెక్సస్‌లో ఉంది. పేరు పన్నా మరియా. ప్రష్యా ఏలుబడిలోని ఎగువ సైలీషియా నుంచి ఫాదర్ లియోపోల్డ్ మోచిగెంబా పిలుపు మీద కొన్ని పదుల కుటుంబాలు గాల్వెస్టన్ రేవులో దిగి, మంచాలూ నాగళ్లూ మోసుకుంటూ లోపలికి నడిచాయి. 1854 క్రిస్మస్ రాత్రి ఒక ఓక్ చెట్టు కింద తొలి పూజ జరిగింది. ఆ ఊరు ఇప్పటికీ ఉంది.

అసలు వరద 1870ల తర్వాత. ముందు ప్రష్యా భాగం నుంచి వచ్చారు. అక్కడ బిస్మార్క్ ప్రభుత్వం బడుల్లో జర్మన్ రుద్దింది, కాథలిక్ చర్చి మీద కత్తి కట్టింది. 1890ల నుంచి గలీషియా, రష్యా భాగాలవాళ్లు ఎక్కువయ్యారు. వెట్టి రద్దయి (ఆస్ట్రియాలో 1848, రష్యా పోలండ్‌లో 1864) రైతు కాళ్లకు స్వేచ్ఛ వచ్చింది, కానీ భూమి చాలలేదు. తండ్రి పొలాన్ని కొడుకులు పంచుకోగా పంచుకోగా కుంటల్లోకి వచ్చింది. గలీషియా అప్పట్లో యూరప్‌లోని అతి పేద ప్రాంతాల్లో ఒకటి. రష్యా వైపు దీనికి తోడు జారు సైన్యంలో నిర్బంధ సేవ.

వచ్చినవాళ్లలో చాలామందికి ఇక్కడ ఉండిపోయే ఉద్దేశమే లేదు. నాలుగేళ్లు కష్టపడి, డబ్బు కూడబెట్టి, తిరిగి వెళ్లి పొలం కొందామని వచ్చారు. సుమారు మూడో వంతు తిరిగి వెళ్లారని అంచనా. ఒకే మనిషి పేరు రెండుసార్లు, మూడుసార్లు ఓడ జాబితాల్లో కనబడటం నాకు మామూలే.

షికాగోకే ఎందుకు

ఓడ జాబితాలోని గడులు చదివితే జవాబు అక్కడే దొరుకుతుంది. పేరు, వయసు, వృత్తి అయ్యాక ఇలా అడుగుతారు: టికెట్టు డబ్బు ఎవరిచ్చారు? చేతిలో ఎంత ఉంది? ఎవరి దగ్గరికి వెళ్తున్నావు, వాళ్ల అడ్రసు? ‘బావ, నోబుల్ స్ట్రీట్, షికాగో.’ దాని కింద వరసలో అదే ఊరి కుర్రాడు, అదే వీధి. ఒక్కో పేజీలో ఒక పల్లె సగం కనబడుతుంది. ముందు వెళ్లినవాడు టికెట్టు కొని పంపుతాడు, వచ్చినవాడు అప్పు తీర్చి తమ్ముడికి పంపుతాడు. కబేళాలు 1865లో తెరుచుకున్నాయి, దక్షిణాన ఉక్కు మిల్లులు లేచాయి. ఇంగ్లిష్ రాకపోయినా ఒళ్లు వంచితే చాలు. ఇదే కారణంతో పెన్సిల్వేనియా బొగ్గు గనులు, మిల్వాకీ, బఫెలో, డెట్రాయిట్, క్లీవ్‌లాండ్, పిట్స్‌బర్గ్ కూడా నిండాయి. కొద్దిమంది మసాచుసెట్స్‌లో కనెక్టికట్ నది ఒడ్డున ఉల్లి, పొగాకు పొలాలు కౌలుకు తీసుకుని తర్వాత కొనుక్కున్నారు. రైతు రైతుగానే మిగిలిన చోట్లు తక్కువ.

ఆ సంసారాలు నడిచింది ఆడవాళ్ల చాకిరీ మీద. పాత జనాభా లెక్కల పేజీ తీయండి. రెండు గదుల ఇంట్లో భార్యాభర్తలు, ముగ్గురు పిల్లలు, వాళ్ల కింద వరసగా ఆరేడుగురు ‘బోర్డర్’ అని ఉంటుంది. వాళ్లు పెళ్లికాని ఊరి కుర్రాళ్లు, షిఫ్టుల వారీగా ఒకే మంచం మీద పడుకునేవాళ్లు. వాళ్లందరికీ వండి, బట్టలు ఉతికి, డబ్బాలు కట్టిన మనిషికి మాత్రం ఆ పేజీలో వృత్తి గడిలో ‘ఏమీ లేదు’ అని ఉంటుంది.

చర్చి అంటే గుడి ఒక్కటే కాదు

షికాగోలో సెయింట్ స్టానిస్లాస్ కోస్ట్కా పారిష్ (ఒక చర్చి, దాని కిందికి వచ్చే పేట జనం) 1867లో మొదలైంది. ఫాదర్ విన్సెంట్ బార్జిన్‌స్కీ హయాంలో అది ఎంత పెరిగిందంటే, 1890ల చివరికి నలభై వేల మంది దాకా దాని కింద ఉండేవాళ్లు. ప్రపంచంలోని అతి పెద్ద పారిష్‌లలో ఒకటి. బడి, నాటకాల హాలు, పత్రిక, మగవాళ్లకు, ఆడవాళ్లకు, యువకులకు వేర్వేరు సంఘాలు, అన్నీ ఆ ఆవరణలోనే. బడుల్లో చెప్పేది నన్‌లు, చాలావరకు పోలిష్‌లో.

ఆ కాలంలో గనిలోనో కబేళాలోనో మనిషి చచ్చిపోతే కంపెనీ పైసా ఇచ్చేది కాదు. ఇల్లినాయ్‌లో కార్మికుల నష్టపరిహార చట్టం 1911లో గానీ రాలేదు. అందుకే పోలిష్ సంఘాలన్నీ అసలు ఇన్సూరెన్స్ సంఘాలు. నెలకు కొన్ని సెంట్లు కడితే, చనిపోయినప్పుడు కుటుంబానికి డబ్బు, సక్రమంగా అంత్యక్రియలు. 1873లో పుట్టిన పోలిష్ రోమన్ కాథలిక్ యూనియన్, 1880లో పుట్టిన పోలిష్ నేషనల్ అలయన్స్ రెండూ ఈ పద్ధతిలోనే లక్షల మందిని కూడగట్టాయి. ఆడవాళ్లు 1898లో తమ సొంత అలయన్స్ పెట్టుకున్నారు. ఇంటి కోసం ‘బిల్డింగ్ అండ్ లోన్’ సంఘాలు ఉండేవి. మన ఊళ్లలో చీటీలు వేసుకున్నట్టే, పేటవాళ్లంతా వారం వారం కట్టేవాళ్లు, వంతుల వారీగా ఇల్లు కొనుక్కునేవాళ్లు. మిల్వాకీలో అయితే చిన్న చెక్క ఇల్లు కొని, కొన్నాళ్లకు దాన్ని జాకీలతో పైకి లేపి, కింద ఇంకో వాటా కట్టి అద్దెకిచ్చేవాళ్లు. ‘పోలిష్ ఫ్లాట్’ అంటారు, ఆ ఊరి దక్షిణాన ఇప్పటికీ వీధుల నిండా ఉన్నాయి.

మిల్వాకీ సెయింట్ జోసఫట్ చర్చి కథ నాకు చాలా ఇష్టం. షికాగోలో పాత పోస్టాఫీసు కూల్చేస్తున్నారని తెలిసి ఆ పారిష్ ఫాదర్ ఆ రాళ్లు, స్తంభాలు, తలుపు పిడులతో సహా బేరమాడి కొని, రైలు బండ్లలో తెప్పించి, 1901కల్లా గుమ్మటం ఉన్న మహా చర్చి కట్టించాడు. కూలీ డబ్బుల మీద బతికే జనం ఆ అప్పు తీర్చడానికి ఏళ్లు పట్టింది.

ఇంత కష్టపడి కట్టింది ఎవరి పేరు మీద ఉండాలి? అసలు గొడవ ఇక్కడే. అమెరికా కాథలిక్ చర్చిలో బిషప్‌లు ఎక్కువగా ఐరిష్ వాళ్లు, కొన్నిచోట్ల జర్మన్లు. దస్తావేజు బిషప్ పేరు మీద రాయాల్సిందే. డబ్బులు మావి, ఫాదర్‌ని కూడా మేమే ఎంచుకుంటాం అని పోలిష్ జనం. షికాగోలో ఈ తగాదా రెండు పారిష్‌ల మధ్య పడింది. సెయింట్ స్టానిస్లాస్‌కు కూతవేటు దూరంలో హోలీ ట్రినిటీ కట్టారు. మొదటిది ఫాదర్ల మాట వినే వర్గానిది, రెండోది పోలండ్ స్వాతంత్ర్యమే ముందు అనే వర్గానిది. హోలీ ట్రినిటీకి ఏళ్ల తరబడి తాళం పడింది. చివరకు 1893లో పోప్ ప్రతినిధి స్వయంగా వచ్చి తీర్పు చెబితే గానీ తెరుచుకోలేదు. ఇప్పుడు చూస్తే రెండు చర్చిలూ పక్కపక్కనే ఎందుకు కట్టారా అనిపిస్తుంది.

పెన్సిల్వేనియాలోని స్క్రాంటన్‌లో అయితే తెగిపోయింది. 1897లో ఫాదర్ ఫ్రాంచిషెక్ హోదుర్ గని కార్మికుల వెంట నిలబడి వేరే చర్చి పెట్టాడు, రోమ్ అతన్ని వెలివేసింది. అదే పోలిష్ నేషనల్ కాథలిక్ చర్చి. లాటిన్‌కు బదులు పోలిష్‌లో పూజ మొదలుపెట్టారు. రోమన్ కాథలిక్కులు ఆ పని చేయడానికి ఇంకో అరవై ఏళ్లు పట్టింది. షికాగోలో పాల్ రోడే 1908లో బిషప్ కావడానికి ఈ చీలిక భయం కూడా ఒక కారణం. అమెరికాలో పోలిష్ బిషప్ ఆయనే మొదటివాడు.

వాళ్లు తలవంచుకుని పనిచేసిన జనం కాదు

సినిమాల్లో పోలిష్ కార్మికుడిని మొద్దుగా చూపించడం చాలాకాలం ఉండేది, జోకులు కూడా. రికార్డులు వేరే కథ చెబుతాయి. 1886 మే 5న మిల్వాకీ బే వ్యూలో ఎనిమిది గంటల పని కోసం ఆ ఊళ్లోని సెయింట్ స్టానిస్లాస్ చర్చి నుంచి ఊరేగింపుగా వెళ్లిన పోలిష్ కార్మికుల మీద మిలీషియా కాల్పులు జరిపింది, కనీసం ఏడుగురు పోయారు. 1897 సెప్టెంబర్ 10న పెన్సిల్వేనియాలో లాటిమర్ గని దగ్గర ఆయుధాలు లేని ఊరేగింపు మీద షెరిఫ్ మనుషులు కాల్చితే 19 మంది చనిపోయారు. పోలిష్, స్లోవాక్, లిథువేనియన్ కార్మికులు. షెరిఫ్ మీద కేసు నడిచింది, నిర్దోషిగా వదిలేశారు. 1935లో డెట్రాయిట్‌ను ఆనుకున్న హామ్‌ట్రామిక్‌లో మాంసం ధరలు పెరిగితే ఆడవాళ్లు కసాయి దుకాణాల ముందు కూర్చుని కొననివ్వలేదు. దానికి ముందు నిలబడిన మేరీ జుక్ మరుసటి ఏడు సిటీ కౌన్సిల్‌కు గెలిచింది.

పోలిష్ వాళ్లు అయింది ఎప్పుడు?

మొదటి యుద్ధమప్పుడు అని నా ఉద్దేశం. పియానో విద్వాంసుడు పాదెరెవ్‌స్కీ ఊరూరా తిరిగి కచేరీ చేసి, తర్వాత పోలండ్ గురించి ఉపన్యాసం ఇచ్చేవాడు. అమెరికా నుంచి ఇరవై వేల మందికి పైగా కుర్రాళ్లు, అక్కడ పుట్టినవాళ్లతో సహా, కెనడాలో నయాగరా దగ్గర శిక్షణ పొంది ఫ్రాన్స్ వెళ్లి జనరల్ హాలర్ నడిపిన పోలిష్ సైన్యంలో చేరారు. తమ తాతలు ఎన్నడూ చూడని దేశం కోసం వెళ్లారు. అమెరికా అధ్యక్షుడు విల్సన్ శాంతి కోసం ప్రకటించిన 14 అంశాల్లో పదమూడోది స్వతంత్ర పోలండ్. అది 1918లో వచ్చింది.

దేశం వచ్చాక అందరూ వెనక్కి వెళ్తారని నాయకులు అనుకున్నారు. ఎక్కువమంది వెళ్లలేదు. ఇల్లు ఇక్కడ ఉంది, పిల్లలు ఇక్కడ పుట్టారు. తలుపు కూడా మూసుకుంది: 1921, 1924 కోటా చట్టాలతో పోలండ్‌కు ఏడాదికి దక్కింది సుమారు ఆరు వేల మంది. మనకు ఇందులో నేరుగా సంబంధం ఉంది. 1924 చట్టం భారతీయులకు అసలు తలుపే తెరవలేదు. 1946లో ఏడాదికి వంద మంది అన్నారు. 1965లో ఈ కోటాలు ఎత్తేశాకే తెలుగు డాక్టర్లు, ఇంజినీర్లు షికాగో వచ్చి ఈ పోలిష్ కుటుంబాల పక్కన ఇళ్లు కొన్నారు.

మరి పేటలు ఏమయ్యాయి?

దీనికి ఒకే కారణం చెప్పేవాళ్లను నమ్మకండి. రెండో యుద్ధం తర్వాత సైనికులకు ఇళ్ల లోన్లు దొరికాయి, కొడుకు శివారుకు వెళ్లాడు. షికాగోలో కెనెడీ ఎక్స్‌ప్రెస్‌వే పోలిష్ పేట మధ్య నుంచి వేశారు. సెయింట్ స్టానిస్లాస్ మీదుగానే పోవాల్సింది, పోలిష్ నాయకులు పట్టుబడితే రోడ్డు పక్కకు వంగింది. మీరు కారులో వెళ్తుంటే ఆ వంపు తెలుస్తుంది, చర్చి గోపురం దాదాపు చెయ్యి చాస్తే అందేలా ఉంటుంది. చర్చిని వదిలారు గానీ చుట్టూ ఇళ్లను వదల్లేదు.

ఇంకో విషయం మా డెస్కు దగ్గర ఎవరూ అంత ఇష్టంగా మాట్లాడరు. 1967 ఆగస్టులో మిల్వాకీలో నల్లజాతివాళ్లు ఇళ్లు కొనుక్కునే, అద్దెకు తీసుకునే హక్కు కోసం ఫాదర్ జేమ్స్ గ్రోపీతో వంతెన దాటి దక్షిణం వైపు కోష్చుష్కో పార్కుకు ఊరేగింపుగా వచ్చారు. వేలమంది తెల్లవాళ్లు, వాళ్లలో పోలిష్ పేటవాళ్లు ఎందరో, రాళ్లు, సీసాలు విసిరారు. ‘మా పేట పాడైపోయింది’ అనే మాటలో చాలాసార్లు ఇది దాక్కుని ఉంటుంది. కోష్చుష్కో తన అమెరికా డబ్బుతో బానిసలను విడిపించమని వీలునామా రాసిన మనిషి అని గుర్తుంచుకుంటే ఇది ఇంకా గుచ్చుకుంటుంది.

డెట్రాయిట్ కథ వేరు. 1981లో జనరల్ మోటార్స్ ప్లాంటు కోసం నగరపాలక సంస్థ పోల్‌టౌన్ అనే పేటను సేకరించింది. సుమారు నాలుగు వేల మందిని ఖాళీ చేయించారు. ఇమాక్యులేట్ కన్సెప్షన్ చర్చిలో ముసలివాళ్లు బైఠాయిస్తే పోలీసులు వచ్చి పట్టుకెళ్లారు, చర్చి నేలమట్టమైంది. చర్చి పెద్దలు మాత్రం ఆ భవనాన్ని అమ్మడానికి ముందే ఒప్పుకున్నారు. రాష్ట్ర సుప్రీంకోర్టు సేకరణ సరే అంది. అదే కోర్టు 2004లో మరో కేసులో ఆ తీర్పు తప్పని కొట్టేసింది, ఇళ్లు పోయినవాళ్లకు ఒరిగిందేమీ లేదు.

పక్కనే హామ్‌ట్రామిక్. 1910ల్లో డాడ్జ్ కార్ల ఫ్యాక్టరీతో పోలిష్ ఊరైపోయింది, దాదాపు వందేళ్లు మేయర్లంతా పోలిష్ వాళ్లే. ఫ్యాక్టరీ 1980లో మూతపడింది. ఇప్పుడు ఆ ఇళ్లలో యెమెన్, బంగ్లాదేశ్ కుటుంబాలు. 2004లో మసీదు మైకు మీద పెద్ద గొడవ జరిగి ఓటింగ్ దాకా వెళ్లింది, అజాన్‌కు అనుకూలంగా ఫలితం వచ్చింది. ఫ్యాట్ ట్యూస్‌డే (ఈస్టర్ ముందు ఉపవాసాలు మొదలయ్యే ముందురోజు) నాడు పోంచ్కీల (లోపల జామ్ పెట్టి నూనెలో వేయించే పిండివంట) కోసం అక్కడ తెల్లవారుజామునే బేకరీల ముందు క్యూ కడతారు. పోలండ్‌లో ఇవి గురువారం తింటారు, అమెరికాలో మంగళవారం. షికాగోవాళ్లు ఏ రోజూ వదలరు.

అయితే షికాగోలో పోలిష్ వాళ్లు లేరా?

ఉన్నారు, మీరు చూస్తున్న చోట లేరు. యుద్ధం తర్వాత శరణార్థులు వచ్చారు, చదువుకున్నవాళ్లు, సైనికాధికారులు. 1981 డిసెంబర్‌లో పోలండ్‌లో సైనిక శాసనం వచ్చాక కమ్యూనిస్టు ప్రభుత్వాన్ని ఎదిరించిన సాలిడారిటీ కార్మిక ఉద్యమం మనుషులు వచ్చారు. టూరిస్టు వీసా మీద వచ్చి ఇళ్లు ఊడ్చి, పైకప్పులు వేసి డబ్బు పంపినవాళ్లూ చాలామంది. పాతవాళ్లకూ కొత్తవాళ్లకూ అంతగా పొసగలేదు. పాతవాళ్ల పోలిష్ ముత్తాతల పల్లెయాస, మధ్యలో ఇంగ్లిష్. వార్సా నుంచి వచ్చినవాడికి అది నవ్వులాట. కొత్తవాడికి చర్చి సంఘం చందా ఎందుకో పాతవాడు నచ్చజెప్పలేకపోయాడు. ఇప్పుడు నైరుతి వైపు ఆర్చర్ అవెన్యూ వెంట కొండప్రాంతపు గురాలె జనం, వాయవ్యంలో హార్‌వుడ్ హైట్స్, నైల్స్ శివార్లు చూడండి. కిరాణా కొట్టు నుంచి పళ్ల డాక్టరు దాకా పోలిష్‌లోనే నడుస్తుంది. పోలండ్ 2004లో యూరోపియన్ యూనియన్‌లో చేరాక మాత్రం కొత్తవాళ్ల రాక బాగా తగ్గింది, వాళ్లు లండన్, డబ్లిన్ దారి పట్టారు.

‘వార్సా తర్వాత పెద్ద పోలిష్ నగరం షికాగో’ అనే మాట మీరూ విని ఉంటారు. అది మునిమనవళ్లను కూడా లెక్కేసి చెప్పే మాట. అమెరికా మొత్తం మీద పోలిష్ మూలాలు చెప్పుకునేవాళ్లు తొంభై లక్షలకు దగ్గర. ఇంట్లో పోలిష్ మాట్లాడేవాళ్లు అందులో చిన్న భాగమే.

మీ పక్కింటావిడ ఏం చేయొచ్చు

ఆస్ట్రియా అన్న మాటతో ఊరు దొరకదు, గలీషియాలో ఒకే పేరుతో ఊళ్లు చాలా ఉన్నాయి. తాతగారు 1906 సెప్టెంబర్ తర్వాత పౌరసత్వానికి అర్జీ పెట్టి ఉంటే అందులో పుట్టిన ఊరు, ఓడ పేరు, దిగిన తేదీ ఉంటాయి. లేకపోతే ఆయన పెళ్లి జరిగిన షికాగో పారిష్ రిజిస్టర్ చూడమనండి, పోలిష్ ఫాదర్లు ఊరి పేరు రాయడంలో సివిల్ ఆఫీసుల కంటే చాలా నయం. పోలిష్ రోమన్ కాథలిక్ యూనియన్ భవనంలోనే మిల్వాకీ అవెన్యూ మీద పోలిష్ మ్యూజియం ఆఫ్ అమెరికా ఉంది, హాలర్ సైన్యంలో చేరినవాళ్ల దరఖాస్తులు అక్కడ ఉన్నాయి, వాటిలో పోలండ్‌లోని దగ్గరి బంధువు పేరు కూడా రాశారు. ఊరు తేలాక ‘జెనెటెకా’ అనే ఉచిత సైటులో ఇంటిపేరుతో వెతకొచ్చు. అసలు రిజిస్టర్లు గలీషియావైతే లాటిన్‌లో గడుల వారీగా ఉంటాయి, కాస్త అలవాటైతే ఎవరైనా చదవొచ్చు. రష్యా భాగానివైతే 1868 తర్వాత రష్యన్ చేతిరాత, దానికి సాయం కావాలి. ఆవిడకు ఒక్క జాగ్రత్త చెప్పండి: అమ్మమ్మ, నానమ్మల పేర్లు వెతికేటప్పుడు ఇంటిపేరు చివర ‘స్కీ’తో పాటు ‘స్కా’ కూడా కొట్టి చూడాలి.